బంతికి బరువు

బోర్డుల పెయింటర్‌కి యాభై రెండేళ్లు. ముప్పై ఏళ్లుగా నిచ్చెనెక్కి దుకాణాల పేర్లు రాశాడు. అతను గీత గీస్తే స్కేలు సిగ్గుపడాలి. ఇప్పుడు చేత్తో రాయించుకునే నాథుడు లేడు; అందరికీ తెర మీద కదిలే బోర్డులే కావాలి.

"నెల టైమిస్తా, అన్నా. కంప్యూటర్‌లో ఏదైనా బొమ్మ కదిలించి చూపించు, దాని ముందు సీటు నీకే ఇస్తా. లేదంటే ఇంకొకణ్ణి చూసుకోవాలి," అన్నాడు అతను పనిచేసే బోర్డుల షాపు ఓనరు, మొహం పక్కకి తిప్పుకుని.

అలా చేరాడు యానిమేషన్ క్లాసులో. పాఠం చెప్పే అమ్మాయి అతని కూతురికన్నా చిన్నది. మౌస్ మాట వినేసరికే మూడు వారాలు హారతి కర్పూరమయ్యాయి. అప్పుడిచ్చింది అసలు పని: బంతి కిందపడి ఎగరాలి. సెకనుకి ఇరవై నాలుగు బొమ్మలు. ఒక్కో బొమ్మలో బంతి కాస్త జరుగుతుంది, అంతే.

మిగతావాళ్లు ఒట్టి సున్నా గీసి ఊరుకున్నారు. పెయింటర్ ఊరుకుంటాడా? వెలుగు, నీడ, మెరుపు, అన్నీ దిద్దాడు. బోర్డు మీద అక్షరాలకి ఎడం పాటించినట్టే బొమ్మకీ బొమ్మకీ మధ్య సమానంగా ఎడం పెట్టాడు. తీరా నడిపిస్తే బంతి పడలేదు, లిఫ్టులో దిగినట్టు దిగింది.

"బాబాయ్, మీ బంతికి బద్ధకం!" వెనక బెంచీ నవ్వింది.

"రంగుకి వంక పెట్టలేం బాబాయ్. బరువే లేదు," అంది టీచరు.

"ఇంకాస్త నీడ వెయ్యనా అమ్మా?"

"నీడతో రాదు. ఏదైనా పడుతుంటే ఎప్పుడైనా చూశారా?"

"చూడ్డమేంటి, నేనే పడ్డాను! రెండో అంతస్తు నుంచి."

వెనక బెంచీ ముందుకి వంగింది.

"మొదట గాల్లో ఆగినట్టే ఉంటుందమ్మా. నిచ్చెన పట్టుకున్నవాణ్ణి తిట్టడానిక్కూడా తీరికుంటుంది. చివర్లో నేలే పరిగెత్తుకొస్తుంది."

"అదే గీయండి!"

గీశాడు. పైన బొమ్మలు ఒత్తుగా, కిందకొచ్చేకొద్దీ దూరం దూరంగా. ముప్పై ఏళ్ల చెయ్యి ఒప్పుకోదే! ఎడం తప్పుతుంటే ప్రాణం ఉసూరుమంది. పళ్లు బిగబట్టి కావాలనే ఎడం తప్పించాడు.

గడువు రోజు ఓనరు చూశాడు. బంతి దబ్బున పడింది. ఓనరు కాళ్లు కుర్చీ కిందకి లాక్కున్నాడు.

"ఇంకోసారి వెయ్యి."

ఏడుసార్లు వేయించుకున్నాడు.

"సోమవారం తొమ్మిదింటికి వచ్చెయ్యన్నా."

"ఎనిమిదింటికే వస్తాను. ఈ కంప్యూటర్ ఆన్ చెయ్యడానికే నాకు అరగంట పడుతుంది."