గోడ మీద వీబ్కె పేరు

లేర్ పట్టణంలో ఉచిత వైర్‌లెస్ నెట్ నడిపే సంఘంలో వీబ్కె టామెన్ పాతకాపు. టెలిఫోన్ లైన్ల పని చేసి రిటైరైన మనిషి. సంఘం గదిలో ఒక గోడ ఉంది. తప్పు ఫైలు ఎక్కించి ఎవరు ఏ వైఫై పెట్టెను చంపితే వాళ్లే దాన్ని ఆ గోడకు మేకు కొట్టి, కింద తమ పేరు రాయాలి. పదకొండేళ్లలో ఆవిడ పేరు అక్కడికి ఎక్కలేదు. ఆ సంగతి ఎవరినీ మరిచిపోనిచ్చేది కాదు.

"పైన పేరు చూసి మురిసిపోకండి. తిరగేసి అడుగున చీటీ చదవండి," అని కొత్తవాళ్ల ప్రాణం తీసేది. పేరూ రంగూ ఒకటే అయినా నాలుగో వెర్షన్‌లో ఉన్న చిప్ ఐదో దాంట్లో ఉండదు. ఫర్మ్‌వేర్ ఫైలంటే పెట్టె బుర్ర మొత్తం. ఒకదాని బుర్ర ఇంకోదానికి పట్టదు.

ఆ మంగళవారం శరణార్థుల హాస్టల్లో పెట్టె కాలిపోయింది. నాలుగింటికి అక్కడి నస్రీన్‌కు ఆసుపత్రివాళ్లతో వీడియో ఇంటర్వ్యూ. నర్సు శిక్షణలో చోటు దక్కేదీ లేనిదీ అందులోనే తేలుతుంది. మూడింటికి, సంఘం సామాన్లు చూసుకునే హిన్రిష్ కొత్త పెట్టె తెచ్చాడు. అట్ట మీద నాలుగో వెర్షన్ అని ఉంది. సామాన్లు సర్దడంలో హిన్రిష్‌కు తిరుగులేదు కదా అని వీబ్కె చీటీ చూడకుండానే ఫైలు ఎక్కించింది. ఫైలు ఎక్కుతుండగా కరెంటు తీస్తే పెట్టె చస్తుంది కనుక, మూడు కప్పుల టీ తాగేదాకా వైరు ముట్టకూడదన్నది వాళ్ల కట్టుబాటు. మూడో కప్పూ అయింది. దీపం వెలగలేదు.

తిరగేసి చూసింది. ఐదు. సిగ్గుతో ఆవిడ చెవులు ఎర్రబడ్డాయి.

"దీన్ని వేరేదాని అట్టపెట్టెలో పెట్టింది నేనే. తప్పు నాది," అన్నాడు హిన్రిష్.

"చదవాల్సిన కళ్లు నావి. ఇది బాగుచేయాలంటే రోజు పడుతుంది. నువ్వు నిచ్చెన వెయ్యి, ఇప్పుడే వస్తా."

సైకిలెక్కి ఇంటికెళ్లి, తన కిటికీకి ఉన్న పెట్టెను ఊడదీసి తెచ్చింది. దాంట్లో సంఘం ఫైలు ఎప్పటినుంచో ఉంది. నాలుగుకు ఆరు నిమిషాలుండగా దీపం నిలకడగా వెలిగింది.

"మరి మీ ఇంట్లో ఎలాగండీ?" అంది నస్రీన్.

"ఇంటర్వ్యూ నాకా నీకా? వెళ్లి కూర్చో."

అయిదింటికి నస్రీన్ పరుగున వచ్చింది. సెప్టెంబరు నుంచి రమ్మన్నారట. వీబ్కెకు కళ్లు చెమర్చాయి.

ఆ సాయంత్రమే చచ్చిన పెట్టెను గోడకు కొట్టి, కింద జానెడేసి అక్షరాలతో తన పేరు రాసుకుంది.

"అంత పెద్దగా ఎందుకు వీబ్కె?" అన్నాడు హిన్రిష్.

"గుమ్మంలోంచే కనబడాలి, కొత్తవాళ్లకి."