సున్నపు గీతల లోపల

మా మేనత్త పోయిందని మొన్న మంగళవారం చంద్రపూర్ పక్కనున్న దుర్గాపూర్ నుంచి కబురొచ్చింది. అప్పుడు నేను రాజురా బడిలో పిల్లలకు పాఠం చెబుతున్నాను. సుద్దముక్క బల్ల మీద పెట్టేశాను.

మేం రాళ్లు కొట్టే వడ్డెరలం. పని ఎక్కడుంటే అక్కడే మా గుడారాలు. చంద్రపూర్‌లో దుర్గాపూర్ రోడ్డు పక్కన మాత్రం పదేళ్లకు పైగా ఆగిపోయాం. అందుకు కారణం అత్తే. తనకు అక్షరం రాదు. అయినా గుడిసె గుడిసెకూ తిరిగి పిల్లలందరినీ మునిసిపల్ బడిలో చేర్పించింది. రోజూ మా జుట్లు తనే దువ్వి పంపేది. ఏడిస్తే దువ్వెన ఇంకా గట్టిగా లాగేది.

తొంభైల మొదట్లో ఊరు పెరిగింది. కొత్త దుకాణాలు కడతామని, మునిసిపాలిటీ వాళ్లు జాగా ఖాళీ చేయమన్నారు. ఒక పొద్దున బుల్డోజరు వచ్చింది. మగవాళ్లు క్వారీలో ఉన్నారు. జ్వరంతో నేను బడికి వెళ్లలేదు కాబట్టి అంతా కళ్లారా చూశాను.

"మీరు తిరిగేటోళ్లు. ఇయ్యాల ఈడ, రేపు ఇంకోకాడ. మీకు ఈ జాగా ఎందుకు?" అన్నాడు బుల్డోజరుతో వచ్చిన అధికారి.

అత్త అరవలేదు. "సాహెబ్, పిల్లలు బడికి పోయిండ్రు. ఒచ్చేసరికి ఇల్లు లేకుంటె యాడికి పోవాలె? మీరే చెప్పుండ్రి."

"మీ పిల్లలు బడికి పోతరా?" అని నవ్వాడాయన.

"నమ్మకుంటె నడువుండ్రి, సూపిస్త."

ఆయన నిజంగానే ఆమె వెంట నడిచాడు. హెడ్మాస్టరు పాత రిజిస్టర్లన్నీ తీసి ముందు పెట్టారట. ఏటికేడు మా పేర్లే, అదే చిరునామా. తిరిగొచ్చాక అధికారి బుల్డోజరును వెనక్కి పంపేశాడు.

గొడవ అంతటితో తీరలేదు. ఆ రిజిస్టర్ల నకళ్లు సంచిలో పెట్టుకుని అత్త నాలుగేళ్లు ఆఫీసుల చుట్టూ తిరిగింది. "కూసోమంటె కూసోవాలె. పొమ్మంటె మాత్రం పోవద్దు" అనేది. చివరికి ఆ జాగా మాకు దక్కలేదు. కిలోమీటరు అవతల ఇంటికింత జాగా చొప్పున, ఆడవాళ్ల పేరు మీద పట్టాలిచ్చారు. పాత చోటు విడిచేటప్పుడు అత్త పొయ్యిరాళ్లు ఏరుకుంటూ ఏడ్చింది. ఆమె ఏడవడం నేను చూసింది అదే మొదటిసారి.

పట్టాలిచ్చిన రోజున ఆ కొత్త చోట ఇళ్లు లేవు, సున్నంతో గీసిన హద్దులే ఉన్నాయి. మిట్టమధ్యాహ్నం అత్త తన జాగా గీత బయట చెప్పులు విడిచి లోపలికి వెళ్లింది. కొంగు తలకింద పెట్టుకుని నేల మీదే ఒరిగి, నిమిషంలో నిద్రపోయింది. మేమంతా గీత తొక్కకుండా చుట్టూ నిలబడి, గొంతు తగ్గించి మాట్లాడుకున్నాం.