పేర్లు మరువని ముత్తిలింగం

సూర్యాపేటలోని కోళ్లన్నిటినీ ముత్తిలింగం పేరుపెట్టి పిలిచేవాడు. అన్నిటినీ కాదులెండి, తన వార్డులోని పుంజులను మాత్రమే. మనుషుల సంగతి చెప్పనే అక్కర్లేదు. టౌన్ కమిటీ మెంబరుగా పొద్దున్నే కండువా సర్దుకుంటూ బయలుదేరి గడపగడపకూ ఆగేవాడు. "ఏం కాటమ్మత్తా, మోకాలు నొప్పి తగ్గిందా? బామ్మర్ది ఈదయ్య లేసిండా, ఇంక పండుకునే ఉన్నడా?" ఆ పలకరింపుల పుణ్యాన పోలీసు చర్య తర్వాత కోదాడ దాకా పేరు పాకి, జీపులో తిరిగే నాయకుడయ్యాడు.

ఒక మధ్యాహ్నం మిలిటరీ క్యాంపు ముందు కాటమ్మ ఆ జీపుకు అడ్డం పడింది. కమ్యూనిస్టు దళానికి అన్నం పెట్టాడని ఆమె కొడుకు ఈదయ్యను పట్టుకుపోయారు. "అల్లుడా, వీడు మావోడని ఒక్క మాట చెప్పు. ఇడిసిపెడతరట."

"నేనున్న గదా అత్తా" అని ఆమె భుజం తట్టి లోపలికి వెళ్లాడు. ఆఫీసరు ఈదయ్యను ఎదుట నిలబెట్టి, తెలిసినవాడేనా అని అడిగాడు. "బావా, నేను" అన్నాడు ఈదయ్య, వాచిన పెదవులతో. దళంవాళ్ల చుట్టమని తనకు పేరు పడితే జిల్లా కమిటీలో చోటు దక్కదు. ముత్తిలింగం కళ్లద్దాలు తుడుచుకుని, నిదానంగా పరకాయించి చూశాడు.

"యాదికొస్తలేడు సార్."

సాయంత్రం ఈదయ్యను లారీ ఎక్కించారు. మళ్లీ ఎవరికీ కనబడలేదు.

మరుసటేడు కోదాడ సభలో ఎవరో ఈ మాటెత్తితే, మెడలో దండలతోనే ముత్తిలింగం నవ్వాడు.

"ఎవడు పుట్టిచ్చిండే గీ కథ? ఆ క్యాంపు మొకమే నేను సూడలె. ఆనాడు నేను మిర్యాలగూడల ఉన్న."