మా అన్న సగం గుండు

ఇప్పుడు మా అన్నను సభల్లో పరిచయం చేసేవాళ్లు చిత్రకారుడు, గాయకుడు, నటుడు అంటూ మధ్యలో ఊపిరి తీసుకుని మరీ చెబుతారు. ఎనభైల్లో మా ఇంట్లో ఇంతటికీ కలిపి ఒకటే మాట ఉండేది: పనీపాటా లేనోడు.

మద్రాసులో బొమ్మల చదువుకు పోయినవాడు సెలవులకు చిత్తూరు వచ్చాడు. చెవికి పిన్నీసు, చొక్కా నిండా అతుకులు. తలకు రెండు పక్కలా నున్నగా గొరిగించి, నడినెత్తిన మాత్రం జుట్టును కోడిపుంజుకు మల్లే నిలబెట్టాడు. దీన్ని పంక్ అంటారనీ, ఇది లోకం మీద తిరుగుబాటనీ చెప్పాడు. లోకం సంగతి నాకు తెలీదు గాని మా వీధి అస్సలు బెదరలేదు. తిరుపతి దారిలో కాపురముండేవాళ్లకు గుండ్లు కొత్తా? పాపం, మొక్కు సగంలో ఆగిపోయిందే అని అందరూ జాలిపడ్డారు.

"మంగలాయన సగంలో లేసి పోయినాడా అబ్బోడా?" అని పక్కింటావిడ అడిగింది. అన్న తిరుగుబాటు గురించి మొదటినుంచి చెప్పాడు. ఆవిడ ఓపికగా విని, "కొండమీద రద్దీ అట్లనే ఉంటాదిలే" అని ఓదార్చింది. నవ్వాపుకోలేక నేను లోపలికి పరుగెత్తాను.

మా నాయన సంగతి వేరు. మామిడి మండీ నడిపే మనిషి. కాయను చూసినట్టు కొడుకు తలను అటూ ఇటూ తిప్పి చూసి, అన్నం తిని మండీకి వెళ్లిపోయాడు. తిట్టినా బాగుండేదని అన్న బాధపడ్డాడు. కాపు అయిపోయి ఖాళీగా ఉన్న మండీ షెడ్డులో బొమ్మలు పెట్టి, రేకు డబ్బాలు వాయిస్తూ పాడాలని వాడి కోరిక. అడిగితే నాయన తాళంచెవి ఇచ్చాడు. చూడ్డానికి వస్తావా అంటే చెప్పులేసుకుని బయటికి నడిచాడు. ఊరంతా రాకపోయినా సరే, నాయన ఒక్కడు వస్తే చాలని అన్న ఆశ.

దారి మా అవ్వ చెప్పింది. "ఆ తలకాయతో నిలబడితే మీ నాయన యాడొస్తాడ్రా? దేవుడికియ్యాల్సింది నెత్తిన పెట్టుకోని తిరగతా ఉండావు. కొండకు పోదాం పా."

అన్న గింజుకుని గింజుకుని చివరికి ఒప్పుకున్నాడు. వాళ్ల వెంట నేనూ వెళ్లాను. కల్యాణకట్టలో మంగలాయన వాడి తల చూసి, "ఎవురప్పా దీన్ని మొదులుపెట్టింది?" అని విసుక్కుంటూ మిగతాది పూర్తిచేశాడు. లోకం మీద తిరుగుబాటు తడిసి నేలమీద పడింది. ఏడిపిద్దామని నోటిదాకా వచ్చింది గాని, వాడి ముఖం చూసి, భుజాల మీద పడ్డ వెంట్రుకలు దులిపాను.

ప్రదర్శన రోజు సాయంత్రం షెడ్డులో అన్న నున్నటి గుండుతో డబ్బాల ముందు నిలబడ్డాడు. మొదటి పాట నడుస్తుండగా నాయన వచ్చాడు. వెనకాల మండీ వ్యాపారులు, హమాలీలు, అందరూ ఇస్త్రీ చొక్కాల్లో ఉన్నారు. అన్నను చూసి నాయన గుమ్మంలోనే ఆగిపోయాడు.

"జుట్టు యాడరా?"

"తీయించేసినా నాయనా. నీకోసమే."

నాయన ముఖం చిన్నబోయింది. వెనకున్నవాళ్ల వైపు ఒకసారి చూశాడు.

"మా వోని తల సూద్దురు రాండని అందరినీ పిలుసుకోనొస్తి గదరా!"

అన్న అందరి ముందూ ఏడ్చేశాడు. నాయన వచ్చి ముందు వరసలో కూర్చుని, "ఊఁ, కానీ" అన్నాడు.