హిమాయత్‌నగర్ ఆర్డినరీ

2006 వేసవిలో ఒకరోజు ఉదయం పదకొండుంబావుకు కోత ముగిసి కరెంటు వచ్చింది. అప్పుడు నేను మహారాష్ట్రలోని నాందేడ్‌లో ఒక కంప్యూటర్ దుకాణానికి సర్వీస్ ఇంజనీరును. ఆ ఉదయం నర్సింగన్న ఇంట్లో అతని కంప్యూటర్ ముందు కూర్చుని ఉన్నాను.

నర్సింగన్న ఎస్టీ డ్రైవరు, అంటే అక్కడి ప్రభుత్వ బస్సు డ్రైవరు. నాందేడ్ నుంచి భోకర్ మీదుగా హిమాయత్‌నగర్‌కు చాలా ఏళ్లు బస్సు నడిపాడు. షుగరు వల్ల కాలు తీసేశాక మంచం పట్టాడు. ఇష్టం వచ్చిన దారిలో బండి తోలుకునే కంప్యూటర్ ఆట ఒకటి అతన్ని మంచం దించింది. ఆటలోని వస్తువుల స్థానంలో మనకు కావలసినవి పెట్టడాన్ని మోడింగ్ అంటారు. అతను ఎర్ర బస్సు, ఊళ్ల బోర్డులు, భోకర్‌లో దారికి అడ్డం వచ్చే పత్తి బండ్లు పెట్టించుకున్నాడు. కానీ భోకర్ రాగానే ఆట మూసుకుపోయేది.

"ఇది గూడ బందైతే ఇగ లేవడు తమ్మీ," అంది అతని భార్య.

ముందు మోడ్‌లన్నీ తీసి, ఆటను నడిపి, ఒక్కొక్కటే తిరిగి పెట్టాలి. అది పద్ధతి. అలా చేస్తే తప్పు పత్తి బండ్ల దగ్గర దొరికింది. వాటికి అతికించిన ఫొటోలు చాలా పెద్దవి, మెమరీ నింపేస్తున్నాయి. బండ్లు తీసేద్దామన్నాను.

"బండ్లు లేకుంటే అది భోకర్ ఎట్లయితది? హారన్ కొట్టకుంట భోకర్ దాటినోడున్నడా?"

ఫొటోలను కుదించాను. హిమాయత్‌నగర్ దాకా నడిపి, అయిపోయిందన్నాను. అతను నడిపితే మళ్లీ భోకర్‌లోనే మూసుకుపోయింది.

"నువ్వు ఎక్స్‌ప్రెస్ తోలినవ్ తమ్మీ. నాది ఆర్డినరీ," అన్నాడు.

అతను ప్రతి స్టాపులో ఆపుతున్నాడు. కండక్టరు డబుల్ బెల్ కొట్టేంతసేపు ఆగి, అప్పుడు కదులుతున్నాడు. బస్సు నిలబడినంతసేపూ వెనక బండ్లు చేరుతూనే ఉన్నాయి. ఒకసారికి ఎన్ని బండ్లు రావాలో ఆట ఫైలులో తగ్గించి, నేను పక్కన కూర్చున్నాను.

"ఊకె కూసుంటవేంది? బెల్ కొట్టు."

బల్ల మీద చెంచాతో రెండుసార్లు కొట్టాను. భోకర్ దాటింది. చివరి బోర్డు దగ్గర ఆపి, వంటింటి వైపు తిరిగి, "ఓయ్, బండి చేరింది. చాయ్ పెట్టు," అన్నాడు.

మరమ్మతును నా అలవాటు ప్రకారం కాదు, వాడేవాడి అలవాటు ప్రకారం పరీక్షించాలని నేను నేర్చుకున్నది అక్కడే. తర్వాత ఉద్యోగమంతా అలాగే చేశాను.

రెండేళ్లకు నర్సింగన్న పోయాడు. ఇప్పుడు ఆ ఆట ఎవరూ తెరవరు.