ఎర్తు లేని తీగ

రజని పని గాజు పోగులు అతకడం. ఇళ్ళకు ఇంటర్నెట్ తెచ్చే ఫైబర్ కేబుల్ ఎక్కడ తెగితే అక్కడ, స్తంభం కింద చిన్న స్టూలు వేసుకుని కూర్చుంటుంది. వెంట్రుకంత సన్నని పోగును బయటికి తీసి, పైపొర గీకి, స్పిరిట్‌తో తుడిచి, కొస సమంగా కోసి, మెషిన్‌లో రెండు కొసలనూ ఎదురెదురుగా పెడుతుంది. లోపల ఒక మెరుపు మెరుస్తుంది. రెండు పోగులూ ఒకటవుతాయి. రాలిన గాజు తునకలు కంటికి ఆనవు గానీ ఒంట్లో దిగితే బయటికి రావు. అందుకని వాటిని టేపుకు అంటించి సీసాలో వేసుకుంటుంది.

అతుకు వెయ్యడం ఆమెకు తండ్రి నేర్పాడు. అప్పలసూరి శ్రీకాకుళం వైపు నుంచి వచ్చి దుర్గ్‌లో రైల్వే సిగ్నల్ కేబుళ్ళు చూసేవాడు. కొడుక్కి ఓపిక లేదని కూతుర్ని పక్కన కూర్చోబెట్టుకున్నాడు. "రైల్వేలో ప్రతి తీగకీ ఎర్తు ఉంటాదమ్మా. ఎక్కడన్నా కరెంటు తగిలినా అది భూమిలోకి పోతాది, మనిషిలోకి రాదు. ఎర్తు నేని తీగ మీద చెయ్యెయ్యకు" అనేవాడు. ఆయన పోయి చాలాకాలమైంది.

రజని భిలాయి ఖుర్సీపార్‌లో ఉండే జితేంద్రను ఇష్టపడి చేసుకుంది. వాళ్ళది చర్చికి వెళ్ళే ఇల్లు, వీళ్ళది అప్పన్నకు మొక్కే ఇల్లు. కొన్నాళ్ళు గొడవైంది, తర్వాత అందరూ అలవాటుపడ్డారు. జితేంద్ర అక్కడే పుట్టాడు. అతనికి తెలుగు కన్నా హిందీయే తొందరగా వచ్చేది. అతను స్తంభం ఎక్కేవాడు, ఆమె కింద అతికేది. ఇద్దరూ ఒకే స్కూటీ మీద, మధ్యలో మెషిన్ పెట్టె పెట్టుకుని తిరిగేవాళ్ళు. పిల్లలు కలగలేదు. ఆ మాట ఎత్తడం ఇద్దరూ ఎప్పుడో మానేశారు.

వాళ్ళకు పని ఇచ్చేది శశిధర్. ఉక్కు ప్లాంటులో ఆఫీసరుగా చేసి రిటైరైన ఆయన కొడుకు, తనూ ఇంజనీరింగ్ చదివాడు. నెహ్రూ నగర్, వైశాలి నగర్ ఇళ్ళకు ఇంటర్నెట్ లైన్లు వేసే కాంట్రాక్టు అతనిది. ఫైబర్‌ను కరెంటు స్తంభాల మీదుగానే లాగేవాళ్ళు. గాజులో కరెంటు పారదు. కానీ ఆ కేబుల్‌ను మోసే ఉక్కు తీగ కరెంటు తీగల పక్కనుంచే పోతుంది. దానికి ఎర్తు వేయిద్దామని రజని రెండుసార్లు అడిగింది.

"నాకు తెలీదనుకున్నావా రజనీ? రాడ్లు పాతుకుంటూ కూర్చుంటే లైను ఎప్పుడిస్తాం? అందరూ ఇలాగే లాగుతున్నారు" అన్నాడు శశిధర్.

"టెన్షన్ ఎందుకే? నేను చూసే ఎక్కుతా కదా" అన్నాడు జితేంద్ర, స్కూటీ స్టార్టు చేస్తూ.

ఆగస్టులో ఒక మధ్యాహ్నం, వాన వెలిశాక, వైశాలి నగర్‌లో కొమ్మ విరిగిపడి కేబుల్ తెగింది. జితేంద్ర నిచ్చెన ఎక్కాడు. రజని కింద రెండు కొసలు మెషిన్‌లో పెట్టి మూత వేసింది. కొమ్మ పడినప్పుడు పక్కింటికి పోయే కరెంటు తీగ పైతొడుగు ఊడి, ఆ ఉక్కు తీగకు ఆనుకుని ఉంది. ఆకుల్లో అది ఎవరికీ కనపడలేదు. జితేంద్ర ఉక్కు తీగను పట్టుకున్నాడు.

అతను అరవలేదు. నిచ్చెన గడగడ వణికిన చప్పుడుకు ఆమె తలెత్తింది. అతని రెండు చేతులూ తీగను పట్టుకునే ఉన్నాయి. కాళ్ళు ఆమె తల ఎత్తులోనే ఉన్నాయి. చెయ్యి చాపితే అందేవి.

ఆమె ముట్టుకోలేదు. వీధి చివర ట్రాన్స్‌ఫార్మర్ దగ్గరికి పరుగెత్తింది. ఫ్యూజులుండే పెట్టెకు తాళం ఉంది. రాయి తీసుకుని తాళం మీద కొడుతూ, కరెంటు ఆఫీసుకు ఫోన్ చెయ్యమని దారినపోయే ప్రతి మనిషికీ అరిచి చెప్పింది. ఎవరో చేశారు. లైను కట్టేసేసరికి జితేంద్ర కింద పడి ఉన్నాడు. ఒక పాలవాడు అతని గుండె మీద చేతులు పెట్టి నొక్కుతున్నాడు. మెషిన్‌లో అతుకు పూర్తయింది. ఆ రెండు పోగులనూ తర్వాత ఎవరో లాగి పారేశారు.

అత్త కనకరత్నం చాలా రోజులు ఏమీ అడగలేదు. కొడుకు సమాధి దగ్గర పువ్వులు పెట్టి వచ్చిన ఒక సాయంత్రం, గుమ్మంలో కూర్చుని అడిగింది.

"ఆడి కాళ్ళు నీకు అందినాయంట కదమ్మా? పాలబ్బాయి చెప్పినాడు."

"అందినాయి అత్తా."

"పట్టుకోనేదేటి?"

"పట్టుకుంటే నాను కూడా పోదును. కరెంటు ఆపాల ముందు. నాన్న అలాగే చెప్పినాడు."

కనకరత్నం తలూపింది. అర్థమైనట్టే ఊపింది. కానీ ఆ తర్వాత ఆమె కోడలి కాళ్ళూ చేతులూ చూస్తూ కూర్చునేది. అవి ఎందుకు బాగున్నాయా అన్నట్టు ఉండేది ఆ చూపు. రజనికి తను చేసింది సరైనదని తెలుసు. ఆ ఎరుక ఆమెకు దేనికీ ఉపయోగపడలేదు. కళ్ళు మూస్తే ఆ కాళ్ళు కనిపించేవి, రబ్బరు చెప్పులతో.

జితేంద్ర తమ ఉద్యోగి కాదని శశిధర్‌కు కాంట్రాక్టు ఇచ్చిన పై కంపెనీ చెప్పింది. శశిధర్ అంత్యక్రియల దగ్గర నిలబడ్డాడు, కన్నీళ్ళు పెట్టుకున్నాడు. తర్వాత ఇంటికి వచ్చి, పని చేస్తావా అని అడిగాడు.

"చేస్తాను సార్. ఎర్తు వేయించండి. ఇంకేటీ అడగను."

"తప్పకుండా వేయిద్దాం" అన్నాడు.

వేయించలేదు. రజని తనే మొదలుపెట్టింది. జితేంద్ర స్థానంలో వచ్చిన సుభాష్ ఆమెకు సాయపడ్డాడు. అతకడానికి వెళ్ళిన ప్రతి చోటా స్తంభం మొదట్లో రాడ్డు దిగ్గొట్టి, దాని నుంచి పైన ఉక్కు తీగ దాకా రాగి తీగ కట్టించింది. వైశాలి నగర్‌లో రెండు వీధులు పూర్తయ్యాయి. మళ్ళీ అటు వెళ్తే చాలా స్తంభాలకు రాగి లేదు. తుక్కు ఏరుకునేవాళ్ళు కోసుకుపోయారు. ఈసారి ఇనప తీగ కట్టింది. అది నిలిచింది. ఆ కొన్ని నెలలూ రజని కొంచెం అన్నం తిన్నది, అత్తతో నాలుగు మాటలు మాట్లాడింది.

ఎండలు ముదిరాక కరెంటు ఆఫీసు మనుషులు వచ్చారు. స్తంభాల మీద అనుమతి లేని కేబుళ్ళు ఉండకూడదని పైనుంచి ఉత్తర్వు. వాళ్ళు చెప్పిందీ అన్యాయం కాదు. ఒక్క పూటలో ఫైబరు, ఉక్కు తీగ, ఎర్తు తీగ అన్నీ కోసి రోడ్డు పక్కన కుప్ప పోశారు. రజని వెళ్ళేసరికి ఆ కుప్ప మీద మేక ఒకటి నిలబడి ఉంది. ఆమె వేసిన అతుకులున్న డబ్బాలను బూటుతో తొక్కి పక్కకు నెట్టారు.

శశిధర్ ఫోన్ మీద ఫోన్ చేశాడు. జనం నెట్ లేదని తిడుతున్నారు. ఎవరితోనో మాట్లాడాడట, మళ్ళీ లాగేయొచ్చట, సాయంత్రానికి లైను రావాలట.

"ఎర్తు లేకుండా నాను అతకను సార్" అంది రజని.

"తర్వాత వేసుకుందువు గానీ."

"తర్వాత అన్నది ఎప్పుడూ రాదు సార్."

శశిధర్ కోప్పడలేదు. పవర్ హౌస్ అనే పేట నుంచి ఇంకో అతికేవాణ్ణి పిలిపించుకున్నాడు. సుభాష్ ఆమె వైపు చూడకుండా నిచ్చెన భుజానికెత్తుకున్నాడు.

"భాభీ, ఏం చేస్తాను చెప్పు. నేను మానేస్తే ఇంకొకడు ఎక్కుతాడు."

"సుభాష్, ఎక్కొద్దురా."

అతను ఎక్కాడు. ఆమె వీధి అవతల, కుళాయి పక్కన నిలబడి చూసింది. జితేంద్ర చెయ్యేసిన చోటే అతనూ చెయ్యేశాడు. ఏమీ కాలేదు. తీగ లాగాడు, బిగించాడు, దిగాడు, తర్వాతి స్తంభానికి వెళ్ళాడు. సాయంత్రానికి అన్ని ఇళ్ళల్లో నెట్ వచ్చింది. ఆ వానాకాలం గడిచింది. అప్పుడూ ఎవరికీ ఏమీ కాలేదు.

అదే రజనిని కూల్చేసింది. సుభాష్ బతకాలనే ఆమె కోరుకుంది. కానీ అతను బతికిన ప్రతిరోజూ జనానికి ఒక మాట దొరికింది. "జితేంద్ర టైము బాగోలేదు, అంతే" అన్నారు. శశిధర్ కూడా అన్నాడు. చర్చిలో పాస్టరు గారు దేవుడి చిత్తం అన్నారు. భర్త ఎందుకు పోయాడో ఆమెకు స్పష్టంగా తెలుసు. ఆ కారణం ఇప్పుడు ఊళ్ళో ఎవరికీ అక్కర్లేదు.

దాదాపు ఏడాది అతుకు పనికి వెళ్ళలేదు. కుట్టు మిషన్ మీద జాకెట్లు కుట్టింది, టిఫిన్ బండి దగ్గర గిన్నెలు కడిగింది. ఏ పనీ నిలవలేదు. పవర్ హౌస్ అతను రాయ్‌పూర్ వెళ్ళిపోవడంతో శశిధర్ మళ్ళీ ఫోన్ చేశాడు. ఈసారి ఎర్తు మాట అతనూ ఎత్తలేదు, ఆమె కూడా ఎత్తలేదు.

"వస్తాను" అంది.

పొద్దున్నే మెషిన్ పెట్టె తుడుస్తుంటే కనకరత్నం టిఫిన్ డబ్బా తెచ్చి పక్కన పెట్టింది.

"పైకి ఎవరు ఎక్కుతారు? ఆ సుభాషేనా?"

"ఊఁ."

"ఆడికి పెళ్ళయినాదా?"

"ఈ మధ్యే అయింది అత్తా."

కనకరత్నం లోపలికి వెళ్ళి మంచం మీద గోడవైపు తిరిగి పడుకుంది. రజని పెట్టె పట్టీ భుజానికి వేసుకుని బయటికి నడిచింది.