హీరోయిన్‌కి రెండు గులాబీలు

షార్జాలో నర్సుగా చేస్తున్న మా చెల్లి దగ్గరికి వెళ్లినప్పుడు, ఎదురు ఫ్లాట్‌లో ఉండే రష్యా ఆవిడ ఒకప్పుడు సినిమా హీరోయిన్ అని తెలిసింది. నాకసలే సినిమా పిచ్చి. హీరోయిన్‌ని చూడ్డానికి ఒట్టి చేతులతో వెళ్తామా? కింద కొట్లో రెండు ఎర్ర గులాబీలు కొన్నాను. ఒక్కటే ఇస్తే పిసినారితనంగా ఉంటుందనిపించింది.

ఆవిడ మాకు టీ ఇచ్చి, ఫోన్‌లో తన పాత సినిమా పెట్టింది. మంచులో పరిగెడుతూ పడీపడీ నవ్వుతోంది ఒక పిల్ల. ఆ పిల్లే ఈవిడంటే నమ్మబుద్ధి కాలేదు.

"ఇప్పుడు నటించడం లేదా?" అని అడిగాను.

"యుద్ధం వద్దన్నాను," అంది వచ్చీరాని ఇంగ్లీషులో. "వేషాలు ఆగిపోయాయి. పాత సినిమాల్లోంచి కూడా నా పేరు తీసేశారు. ఇక్కడ నా భాషలో ఎవరు నటించమంటారు?"

తెచ్చిన పూలు ఆవిడ చేతిలో పెట్టాను. ఆవిడ వాటినే చూస్తూ ఉండిపోయింది. మా చెల్లి గబుక్కున ఒక పువ్వు లాగేసుకుంది.

"అయ్యో అక్కా! వీళ్లలో రెండు పూలు చచ్చిపోయినవాళ్లకే ఇస్తారు. మా హాస్పిటల్లో రష్యా వాళ్లు చెప్పారు."

నాకు తల కొట్టేసినట్టయింది. సారీ, సారీ అంటూనే ఉన్నాను.

ఆవిడ మాత్రం చెల్లి చేతిలోంచి ఆ పువ్వు మళ్లీ తీసుకుంది.

"రెండూ ఉండనీ," అంది.

సినిమా ఆపి, ఫోన్‌ని గోడకి ఆనించి నిలబెట్టి, నవ్వుతున్న ఆ పిల్ల ముందు రెండు పువ్వులూ పెట్టింది.